లక్షా నూట పదహారులో సున్నాలు ఎన్ని?

సాహిత్య పురస్కారాల ప్రకటనల్లో 'లక్షా నూట పదహారు రూపాయల నగదు' అన్న మాట తరచుగా కనిపిస్తుంది. దీన్ని అంకెల్లో రాయమని ఐదో తరగతి పిల్లలకు ఇచ్చి చూడండి. కొందరు 1,116 అని రాస్తారు. ఇంకొందరు లక్షకు 100000 వేసి, దాని పక్కనే 116 అతికించి 100000116 అని రాస్తారు. మొదటి జవాబులో లక్ష కాస్తా వెయ్యి అయిపోయింది. రెండోదాన్ని చదివితే పది కోట్ల నూట పదహారు వస్తుంది. సరైన జవాబు 1,00,116.

రెండో జవాబు రాసిన పిల్లలను తప్పుపట్టలేం. వాళ్లు విన్నది విన్నట్టే రాశారు. లక్ష అని వినబడింది, లక్ష రాశారు. నూట పదహారు అని వినబడింది, అదీ రాశారు. వాళ్లకు ఎవరూ విడమరచి చెప్పని విషయం ఒకటుంది. మాటల్లో సంఖ్య చెప్పేటప్పుడు లేనివాటి ఊసు మనం ఎత్తం. 'లక్షా నూట పదహారు' అంటాం గానీ 'లక్ష, వేలేమీ లేవు, నూట పదహారు' అనం. అంకెల్లో రాసేటప్పుడు మాత్రం ఆ లేని వేలకు కూడా రెండు సున్నాలు పెట్టి తీరాలి. పలకని సున్నాలను రాసేవాళ్లే గుర్తుపట్టి పెట్టుకోవాలి. మాటల నుంచి అంకెలకు వెళ్లేటప్పుడు జరిగే తప్పుల్లో ఎక్కువ భాగం ఇక్కడే పుడుతుంది. స్థానవిలువ గురించి బడిలో ఎన్ని పాఠాలు చెప్పినా, ఈ ఒక్క ముక్క సూటిగా చెప్పకపోతే పిల్లలకు పెద్ద సంఖ్యలంటే టెన్షన్ పోదు.

సున్నాలు తప్పిపోకుండా ఉండాలంటే ముందు గళ్లు గీసుకోవడం మంచిది. కోట్లు, లక్షలు, వేలు, వందలు, చివర పదులూ ఒకట్లూ కలిపి ఒక గడి. మొత్తం ఐదు. కోట్ల గడిలో ఎన్ని అంకెలైనా పట్టవచ్చు. లక్షల గడికి రెండు అంకెలు, వేల గడికి రెండు, వందల గడికి ఒకటి, చివరి గడికి రెండు. ఈ కొలతలు మారవు. గడిలోకి రావలసిన అంకెలు తక్కువైతే ఎడమవైపు సున్నాతో నింపాలి. ఆ గడి పేరే మాటల్లో వినబడకపోతే మొత్తం సున్నాలే. సంఖ్య మొదలయ్యే గడికి మాత్రం ముందు సున్నాలు అక్కర్లేదు.

ఒక నిజమైన సంఖ్యతో చూద్దాం. 2011 జనాభా లెక్కల ప్రకారం ఇప్పటి తెలంగాణ జనాభా మూడు కోట్ల యాభై లక్షల మూడు వేల ఆరు వందల డెబ్భై నాలుగు. గళ్లలో వేస్తే ఇలా ఉంటుంది:

3 | 50 | 03 | 6 | 74

అంటే 3,50,03,674. ఇందులో చేయి జారే చోటు వేల గడి. 'మూడు వేలు' అని వినగానే చేతికి వచ్చేది 3 మాత్రమే. ముందున్న సున్నాను ఎవరూ పలకలేదు కాబట్టి అది రాదు. ఆ ఒక్క సున్నా పోతే మిగిలేది 3503674, అంటే ముప్పై ఐదు లక్షల చిల్లర. మూడున్నర కోట్ల మంది పదో వంతుకు పడిపోయారు.

అదే జనాభా లెక్కల్లో దేశం మొత్తం మీద తెలుగును మాతృభాషగా చెప్పుకున్నవారు ఎనిమిది కోట్ల పదకొండు లక్షల ఇరవై ఏడు వేల ఏడు వందల నలభై మంది. గళ్లు 8 | 11 | 27 | 7 | 40. సంఖ్య 8,11,27,740. ఇక్కడ ప్రతి గడీ నిండుగానే ఉంది. అయినా చివర జాగ్రత్త పడాలి. 'ఏడు వందల నలభై' అంటే 740, 'ఏడు వందల నాలుగు' అంటే 704. నలభైలో నాలుగు పదుల స్థానంలో ఉంది, సున్నా ఒకట్ల స్థానంలో ఉంది. ఫోన్లో చెప్పించుకుని రాసేటప్పుడు ఇరవై, అరవై ఒకేలా వినిపించడం కూడా మామూలే. అలాంటప్పుడు 'రెండు సున్నానా, ఆరు సున్నానా' అని అంకెల్లోనే అడిగి రాసుకోవడం మేలు.

ఇప్పుడు కామాల సంగతి. మనం కుడి నుంచి మొదట మూడు అంకెలకు, ఆ తర్వాత రెండేసి అంకెలకు కామా పెడతాం. పిల్లలు దీన్ని బట్టీ పడతారు. కారణం తెలిస్తే బట్టీ పట్టే పని ఉండదు. కామా ఉన్న ప్రతి చోటా మనం ఒక పేరు పలుకుతాం. 3,50,03,674లో ఎడమ నుంచి మొదటి కామా దగ్గర 'కోట్ల', రెండో కామా దగ్గర 'లక్షల', మూడో కామా దగ్గర 'వేల'. మనకు వెయ్యి తర్వాత కొత్త పేరు వంద రెట్లకు వస్తుంది. వంద వేలు లక్ష, వంద లక్షలు కోటి. అందుకే రెండేసి అంకెలు. ఇంగ్లిష్ వాళ్లకు వెయ్యి తర్వాత కొత్త పేరు వెయ్యి రెట్లకు వస్తుంది. వెయ్యి వేలు మిలియన్, వెయ్యి మిలియన్లు బిలియన్. అందుకే వాళ్ల కామాలు మూడేసి అంకెలకు పడతాయి. కామాలను చూస్తే ఆ సంఖ్యను ఏ పేర్లతో చదవాలో తెలిసిపోతుంది. 35,003,674 అని ఉంటే ముప్పై ఐదు మిలియన్లతో మొదలుపెట్టాలి. దాన్ని తెలుగులో చదవాలంటే ఆ కామాలు తీసేసి మన కామాలు పెట్టుకున్నాకే చదవాలి. అవే కామాలు ఉంచి కోట్లూ లక్షలూ చదవబోతే తడబాటు తప్పదు.

కామాలు పరిమాణం చెప్పే సంఖ్యలకే. ఫోన్ నంబరుకూ ఆధార్ నంబరుకూ కామాలు ఉండవు, వాటిని ఎవరూ కోట్లలో చదవరు. సంవత్సరాలకూ అంతే. 'పంతొమ్మిది వందల నలభై ఏడు' అని చదివినా రాసేది 1947 అనే.

తెలుగులో ఒక సౌకర్యం ఉంది. సంఖ్య అయిపోయిందా, ఇంకా ఉందా అన్నది మాట చివరే చెప్పేస్తుంది. 'ఐదు లక్షలు' అంటే అక్కడితో సరి, 5,00,000. 'ఐదు లక్షల...' అని వినబడితే వెనక ఇంకేదో వస్తోందని అర్థం. వేలు–వేల, కోట్లు–కోట్ల కూడా ఇంతే. 'వంద' అంటే ఆగిపోయినట్టు. 'నూట' అంటే తర్వాత పదో పదహారో ఉన్నట్టు. 'లక్ష' చివర దీర్ఘం వచ్చి 'లక్షా' అయితే, 'కోటి' కాస్తా 'కోటీ' అయితే, అదీ కొనసాగింపే. చెప్పింది విని రాసే పనిలో ఉన్నవాళ్లకు ఇది బాగా పనికొస్తుంది. 'ఏడు కోట్ల' అని వినగానే 7 వేసి పక్కన ఏడు స్థానాలు ఖాళీగా వదిలిపెట్టాలి. తర్వాత వినబడింది 'ఐదు వేల మూడు' అయితే, లక్షల గడిలో రెండు సున్నాలు, వేల గడిలో 05, వందల గడిలో సున్నా, చివర 03. మొత్తం 7,00,05,003. ఏడు స్థానాలూ నిండాయో లేదో లెక్కపెట్టుకుంటే తప్పు అప్పటికప్పుడే దొరికిపోతుంది. కోటి అంటే వెనక ఏడు స్థానాలు, లక్ష అంటే ఐదు, వెయ్యి అంటే మూడు. ఈ మూడూ గుర్తుంటే గళ్లు గీయకపోయినా పని జరుగుతుంది.

బడి బయట మాత్రం మనుషులు బడిలో నేర్పినట్టు మాట్లాడరు. పాత కారు బేరం దగ్గర ఇలాంటి మాటలు వినబడతాయి:

"అన్నా, చివరికి ఎంతకిస్తావో చెప్పు."

"రెండూ నలభై ఇచ్చి తీసుకుపో తమ్ముడూ."

ఇద్దరికీ అర్థమైంది 2,40,000. లక్షలూ లేవు, వేలూ లేవు, అయినా అనుమానం లేదు. 'లక్షా ఇరవై' అంటే బేరసారాల్లో లక్షా ఇరవై వేలు. మాటను ఉన్నదున్నట్టు తీసుకుంటే మాత్రం 1,00,020. 'కోటీ ఇరవై' అంటే కోటీ ఇరవై లక్షలు. చివర రెండంకెల సంఖ్య ఒక్కటే వినబడితే, లక్ష తర్వాత దాన్ని వేలుగానూ, కోటి తర్వాత లక్షలుగానూ అనుకోవడం మన వాడుక. అంటే పక్క గడిలో వేయాలన్న మాట. ఈ వాడుక వెయ్యి దగ్గర ఆగిపోతుంది. 'రెండు వేల ముప్పై' అంటే ఎవరికైనా 2,030 మాత్రమే. 'లక్షా నూట పదహారు'లోనూ గందరగోళం లేదు, 'నూట' అని వంద స్పష్టంగా పలికాం కాబట్టి.

ఈ వాడుకను తప్పు అనను. మాట్లాడేటప్పుడు ఎదుటి మనిషి ఉన్నాడు, సందర్భం ఉంది, అనుమానం వస్తే అడగవచ్చు. కాగితం మీదకు వచ్చేసరికి ఆ మనిషి ఎదురుగా ఉండడు. అందుకని అప్పు పత్రంలోనో, అగ్రిమెంటులోనో 'లక్షా ఇరవై' అని రాయనివ్వకూడదు. 'ఒక లక్షా ఇరవై వేలు' అని పూర్తిగా రాయించాలి. ఇంట్లో పద్దు పుస్తకంలో రాసుకున్నా ఇదే పద్ధతి మంచిది. ఐదేళ్ల తర్వాత ఆ పుస్తకం తెరిచే మనిషికి మీరు అప్పుడు దేన్ని ఉద్దేశించారో తెలిసే దారి లేదు.

పావు, అర, ముప్పావుల లెక్క ఇంకో రకం. ఇవి ఏ పేరును అంటిపెట్టుకుని ఉంటే దానిలో భాగం అన్నమాట. లక్షన్నరలోని అర అంటే అర లక్ష, యాభై వేలు. కాబట్టి 1,50,000. కోటిన్నరలోని అర అంటే యాభై లక్షలు. కాబట్టి 1,50,00,000. 'రెండుంబావు లక్షలు' అంటే 2,25,000. 'ముప్పావు కోటి' అంటే 75,00,000. 'పాతిక' మాత్రం భిన్నం కాదు, ఇరవై ఐదు. పాతిక వేలు 25,000, పాతిక లక్షలు 25,00,000. పావు కోటి అన్నా పాతిక లక్షలే కాబట్టి ఈ రెండు మాటలూ ఒకే చోటికి చేరతాయి.

పత్రికల్లో ఇవే దశాంశాలుగా వస్తాయి. 2025 కేంద్ర బడ్జెట్ తర్వాత, కొత్త విధానంలో జీతం తీసుకునేవారికి 12.75 లక్షల దాకా ఆదాయపు పన్ను లేదని అందరూ చదివారు. 12.75 లక్షలంటే 12,75,000. దశాంశ బిందువు తర్వాత మొదటి రెండు అంకెలే పక్క గడిలో కూర్చుంటాయి. లక్షల్లో చెబితే అవి వేలు, కోట్లలో చెబితే లక్షలు. ఒక్క అంకే ఉంటే కుడివైపు సున్నా చేర్చాలి. 2.5 కోట్లు అంటే 2.50, అంటే 2,50,00,000. 2.05 కోట్లు అంటే 2,05,00,000. గళ్లలో ఎడమవైపు సున్నా చేర్చే అలవాటుతో 2.5 కోట్లను రెండు కోట్ల ఐదు లక్షలుగా రాసేసేవాళ్లు ఉన్నారు. తేడా నలభై ఐదు లక్షలు.

ఇంతవరకూ ప్రతి పేరూ తన ముందున్న చిన్న సంఖ్యనే గుణించింది. కోట్లు పెరిగేకొద్దీ అంత సులువుగా ఉండదు. 'ఇరవై ఐదు వందలు' అన్నప్పుడు వందల గడిలో ఒక్క అంకెకే చోటుంది, వచ్చినవి రెండు. అప్పుడు గుణించాలి. ఇరవై ఐదు సార్లు వంద, 2,500. 'వెయ్యి కోట్లు' అంటే 1000 పక్కన ఏడు సున్నాలు. కామాలు పెడితే 10,00,00,00,000. 'లక్ష కోట్లు' అంటే ఒకటి పక్కన పన్నెండు సున్నాలు, 10,00,00,00,00,000.

ఇక్కడ నేర్చుకోవలసిన సూత్రం ఒక్కటే. ఏ పేరైనా తనకు ఎడమవైపున, తనకంటే చిన్నగా పోగుపడి ఉన్న మొత్తాన్ని గుణిస్తుంది. 'మూడు కోట్ల యాభై లక్షలు'లో లక్షలకు ఎడమవైపు యాభై ఉంది, దానికి ఎడమవైపు కోట్లు ఉన్నాయి. కోట్లు లక్షల కంటే పెద్దవి, కాబట్టి లక్షలు వాటి జోలికి పోవు, యాభైని మాత్రమే గుణిస్తాయి. 'నలభై ఎనిమిది లక్షల ఇరవై వేల ఐదు వందల పన్నెండు కోట్లు' తీసుకోండి. చివర ఉన్న కోట్లకు ఎడమవైపున ఉన్నవన్నీ కోటి కంటే చిన్నవే. కాబట్టి ఆ కోట్లు పన్నెండుకు మాత్రమే చెందవు, మొదటి నుంచి ఉన్న మొత్తానికీ చెందుతాయి. మాటల్లో రాసిన సంఖ్యను అంకెల్లోకి మార్చే కంప్యూటర్ ప్రోగ్రామ్ రాసేవాళ్లు ఈ సూత్రాన్ని మరిస్తే లక్షల కోట్ల దగ్గర తప్పు జవాబు వస్తుంది.

ఈ సంఖ్య ఊరికే చెప్పింది కాదు. 2024 జూలైలో పార్లమెంటులో పెట్టిన కేంద్ర బడ్జెట్‌లో 2024-25 మొత్తం ఖర్చు అంచనా 48,20,512 కోట్ల రూపాయలు. దీన్ని 'కోట్లు' అన్న మాట లేకుండా పూర్తి అంకెల్లో రాయండి చూద్దాం. చాలామంది 48,20,512 అలాగే ఉంచి పక్కన ,00,00,000 చేర్చేస్తారు. 48,20,512,00,00,000 అవుతుంది. అంకెలన్నీ సరిగానే ఉన్నాయి, కామాలు తప్పాయి. ఇలాంటప్పుడు పాత కామాలన్నీ తీసేయాలి. 4820512 మిగులుతుంది. పక్కన ఏడు సున్నాలు పెట్టాలి. ఆ తర్వాత కుడి చివర నుంచి కొత్తగా కామాలు పెట్టుకుంటూ రావాలి. వచ్చేది 4,82,05,12,00,00,000. 48, 20, 512 అని విడివిడిగా ఉన్న ముక్కలు 4, 82, 05, 12గా మారిపోయాయి. కారణం ఇది: కోట్ల సంఖ్యను విడిగా రాసినప్పుడు దాని చివరి మూడు అంకెలు ఒక గుంపు. పూర్తి సంఖ్యలో అవి చివరివి కావు కాబట్టి రెండేసిగా విడిపోతాయి. ఇలా రాసినదాన్ని కామా కామాకూ పేరు పెట్టి చదవడానికి మనకు కోటి పైన వాడుకలో పేర్లు లేవు. అందుకే పత్రికలు 48.21 లక్షల కోట్లు అని రాసి ఊరుకుంటాయి. అదే సరైన పని.

కోటి పైన పేర్లు ఎందుకు లేవు? పుస్తకాల్లో ఉన్నాయి. తొమ్మిదో శతాబ్దంలో రాష్ట్రకూట రాజు అమోఘవర్షుడి కాలంలో జైన గణితవేత్త మహావీరాచార్యుడు తన గణితసారసంగ్రహంలో ఇరవై నాలుగు స్థానాలకు పేర్లు ఇచ్చాడు. ఏకం, దశం, శతం నుంచి మహాక్షోభం దాకా. పన్నెండో శతాబ్దంలో భాస్కరాచార్యుడు లీలావతిలో పరార్ధం దాకా పద్దెనిమిది స్థానాలు చెప్పాడు. కోటి దాకా ఇద్దరికీ తేడా రాదు. ఆ పైన 'అర్బుదం' లీలావతిలో పది కోట్లు, మహావీరుడి లెక్కలో వెయ్యి కోట్లు. ఒకే పేరుకు వంద రెట్ల తేడా. హిందీలో అరబ్ అంటే వంద కోట్లు, అది మూడో లెక్క. తెలుగువాళ్లు కోటితో ఆగిపోయి, ఆ పైన వంద కోట్లు, వెయ్యి కోట్లు, లక్ష కోట్లు అని గుణించుకుంటూ పోవడం నిజానికి మంచి ఏర్పాటు అని నా నమ్మకం. ఏ పుస్తకం ప్రకారం అని అడగాల్సిన పని లేకుండా పోయింది.

మహావీరుడి పుస్తకాన్ని తెలుగులోకి తెచ్చినవాడు పదకొండో శతాబ్దపు పావులూరి మల్లన. చదరంగం గళ్లలో మొదటిదానిలో ఒకటి, రెండోదానిలో రెండు, మూడోదానిలో నాలుగు, ఇలా అరవై నాలుగు గళ్లకూ రెట్టింపు చేసుకుంటూ పోతే మొత్తం ఎంతో మల్లన ఒక పద్యంలో చెప్పాడు. జవాబులో ఇరవై అంకెలు ఉన్నాయి. కోట్లూ లక్షలూ వాడకుండా అంతటి సంఖ్యను మూడు పాదాలు దాటకుండా ఇమిడ్చాడు. వరస ఇది: శర, శశి, షట్క, చంద్ర, శర, సాయక, రంధ్ర, వియత్, నగ, అగ్ని, భూధర, గగన, అబ్ధి, వేద, గిరి, తర్క, పయోనిధి, పద్మజాస్య, కుంజర, తుహినాంశు.

ఒక్కో మాటా ఒక్కో అంకె. శరం, సాయకం అంటే బాణం, మన్మథుడి బాణాలు ఐదు. శశి, చంద్రుడు, తుహినాంశుడు ఒక్కడే, ఒకటి. షట్కం ఆరు, తర్కాలూ ఆరే. శరీరంలో రంధ్రాలు తొమ్మిది. నగం, భూధరం, గిరి అంటే కులపర్వతాలు, ఏడు. అగ్నులు మూడు. అబ్ధి, పయోనిధి అంటే సముద్రాలు నాలుగు, వేదాలు నాలుగు, పద్మజుడైన బ్రహ్మ ముఖాలు నాలుగు. కుంజరాలు ఎనిమిది, అవి దిగ్గజాలు. వియత్తు, గగనం రెండూ ఆకాశమే, అంటే శూన్యం. ఇలా చెప్పే సంఖ్యలను కుడి నుంచి ఎడమకు రాసుకుంటూ పోవాలి. మొదటి మాట ఒకట్ల స్థానం. శర 5, దానికి ఎడమ పక్కన శశి 1, దానికి ఎడమ పక్కన షట్క 6. చివరికి వచ్చేది:

18446744073709551615

ఇరవై అంకెలూ చూపించే కాలిక్యులేటర్ ఉంటే సరిచూసుకోండి. రెండును అరవై నాలుగు సార్లు గుణించి ఒకటి తీసేస్తే ఇదే వస్తుంది. వెయ్యేళ్ల కిందటి పద్యంలో ఒక్క అంకె కూడా తప్పలేదు.

మన పనికి ముఖ్యమైనది ఈ పద్ధతిలో సున్నాను కూడా పలకడం. ఆ సంఖ్యలో ఉన్న రెండు సున్నాలకు మల్లన 'వియత్' అని ఒకసారి, 'గగన' అని ఒకసారి పేరు పెట్టి చెప్పాడు. స్థానం పేరు చెప్పకుండా అంకె ఒక్కటే చెబుతున్నాడు కాబట్టి ఒక్క ఆకాశాన్ని వదిలేసినా దాని తర్వాత ఉన్న అంకెలన్నీ ఒక్కో స్థానం జరిగిపోతాయి. మనం కోట్లు, లక్షలు అని స్థానాల పేర్లు చెబుతున్నాం కాబట్టి సున్నాలను వదిలేసినా అర్థం చెడదు. రాసేటప్పుడు మాత్రం వదిలేసినవన్నీ తిరిగి తెచ్చుకోవాలి.

ఇదే సంఖ్యకు మన కామాలు పెడితే 1,84,46,74,40,73,70,95,51,615. మాటల్లో చెప్పాలంటే కోటి రెండుసార్లు వాడాలి: లక్షా ఎనభై నాలుగు వేల నాలుగు వందల అరవై ఏడు కోట్ల నలభై నాలుగు లక్షల ఏడు వేల మూడు వందల డెబ్భై కోట్ల తొంభై ఐదు లక్షల యాభై ఒక్క వేల ఆరు వందల పదిహేను. ఒకే పేరు మళ్లీ వచ్చినప్పుడు మాత్రం పై సూత్రాన్ని కాస్త సాగదీయాలి: రెండో 'కోట్ల' తన ఎడమవైపున్న మొత్తాన్నీ, మొదటి కోట్లతో సహా, గుణిస్తుంది. విని రాసేటప్పుడు కోట్లు వినబడిన ప్రతిసారీ కుడివైపు ఏడు స్థానాలు కేటాయించుకుంటే చాలు: 184467 | 4407370 | 9551615. మధ్య ముక్కలో 'ఏడు వేల' 07గా ఉంది చూడండి, మళ్లీ ఆ పలకని సున్నానే.

ఇంత పెద్ద సంఖ్యలను ఎక్సెల్‌లో టైప్ చేసేవాళ్లకు ఒక మాట. ఎక్సెల్ ఏ సంఖ్యలోనైనా మొదటి పదిహేను అంకెలనే దాచుకుంటుంది, మిగిలినవి సున్నాలైపోతాయి. మల్లన సంఖ్యను వేస్తే చివరి 51,615 పోయి ఐదు సున్నాలు మిగులుతాయి. పదహారు అంకెల కార్డు నంబర్లలో చివరి అంకె సున్నాగా మారడానికి కారణమూ ఇదే. నంబరు వేయకముందే ఆ గడిని టెక్స్ట్‌గా మార్చుకోవాలి.

మిలియన్, బిలియన్ల నుంచి మన లెక్కకు మార్చడంలో తెలుగు వార్తల్లో తరచుగా తప్పులు దొర్లుతాయి. మిలియన్ అంటే పది లక్షలు. బిలియన్ అంటే వంద కోట్లు. ట్రిలియన్ అంటే లక్ష కోట్లు. ఈ మూడూ గుర్తుంటే మిగతాదంతా గుణకారమే. భూమి వయసు 4.54 బిలియన్ సంవత్సరాలు అంటే 454 కోట్ల సంవత్సరాలు. విశ్వం వయసు 13.8 బిలియన్లు, అంటే 1,380 కోట్లు. మిలియన్లను కోట్లలోకి మార్చాలంటే పదితో భాగించాలి. సూర్యుడు సగటున 149.6 మిలియన్ కిలోమీటర్ల దూరంలో ఉన్నాడంటే 14.96 కోట్ల కిలోమీటర్లు. 'బిలియన్' అన్నచోట 'కోటి' అని పెట్టి అంకెను అలాగే ఉంచేసిన అనువాదం కనిపిస్తే, అసలు సంఖ్యలో వందో వంతే మీరు చదువుతున్నారని అర్థం.

పాత ఇంగ్లిష్ పుస్తకాలతో ఇంకో చిక్కు ఉంది. బ్రిటన్‌లో ఒకప్పుడు బిలియన్ అంటే మిలియన్ మిలియన్లు, అంటే లక్ష కోట్లు. 1974లో అక్కడి ప్రభుత్వం అధికారిక లెక్కల్లో బిలియన్‌ను వెయ్యి మిలియన్లుగా వాడతామని ప్రకటించింది. జర్మన్‌లో ఇప్పటికీ పాత లెక్కే. వంద కోట్లను వాళ్లు మిలియార్డె అంటారు, బిలియోన్ అంటే లక్ష కోట్లు. జర్మనీలో చదువుకుంటున్న, పనిచేస్తున్న మనవాళ్లు అక్కడి వార్తలు చదివేటప్పుడు ఇది గుర్తుపెట్టుకోవాలి.

ఇక డబ్బు కాగితాలు. ప్రామిసరీ నోటులో 'రూ.1,05,000/- (అక్షరాలా ఒక లక్షా ఐదు వేల రూపాయలు మాత్రమే)' అని రెండు విధాలా రాస్తారు. ఊరికే రాయలేదు అలా. అంకెల చివర '/-' గీత పెట్టేది కుడివైపు ఇంకో సున్నా చేర్చడానికి చోటు లేకుండా. 'రూ.'ను అంకెకు ఆనించి రాసేది ఎడమవైపు ఇంకో అంకె చేర్చకుండా. 'ఒక లక్షా' అని 'ఒక' కలపడం కూడా అందుకే. ఉత్త 'లక్షా' అని మొదలుపెడితే ముందు ఏదైనా ఇరికించవచ్చు. 'మాత్రమే' అన్నది మాటల వైపు తలుపు మూసేస్తుంది.

మాటలూ అంకెలూ తేడా పడితే? 1881 నాటి నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 18వ సెక్షన్ ప్రకారం మాటల్లో రాసిన మొత్తమే చెల్లుతుంది. ప్రామిసరీ నోటుకైనా, చెక్కుకైనా ఇదే న్యాయం. ఆచరణలో మాత్రం తేడా ఉన్న చెక్కును బ్యాంకులు వెనక్కి పంపేస్తాయి. కొట్టివేసి దిద్దడానికీ వీల్లేదు. చెక్కులను స్కాన్ చేసి పంపే ఇప్పటి పద్ధతిలో తేదీ పొడిగింపుకు తప్ప వేరే దిద్దుబాట్లు ఒప్పుకోరు, కొత్త చెక్కు రాయాల్సిందే. చెక్కు మీద మాటలను తెలుగులో రాయడానికి రిజర్వు బ్యాంకు నిబంధనల్లో అభ్యంతరం లేదు. తెలుగులో ధారాళంగా సంఖ్యలు చెప్పగలిగి ఇంగ్లిష్ స్పెల్లింగుల దగ్గర తడబడేవాళ్లు నిశ్చింతగా తెలుగులో రాయవచ్చు.

చెక్కు చింపి ఇచ్చే ముందు ఒక పని చేయండి. మాటల్లో రాసినదాన్ని చేత్తో మూసేసి, అంకెలను మాత్రమే చూస్తూ, కామా కామాకూ పేరు పెడుతూ పైకి చదవండి. చేయి తీసి పోల్చుకోండి. మాటల్లో 'రెండు లక్షల ఏడు వేల యాభై' అని ఉండి, అంకెల్లో 2,00,750 అని చదువుతుంటే, 7 అన్న అంకె వేల గడిలోకి బదులు వందల గడిలోకి వెళ్లింది. అది 2,07,050 కావాలి. రెండు సంఖ్యల్లోనూ ఉన్నవి అవే అంకెలు, మూడు సున్నాలతో సహా. అందుకే కళ్లతో చూసి వదిలేస్తే ఈ తప్పు దొరకదు, పైకి చదివితే వెంటనే దొరుకుతుంది.